పోశన్న చెయ్యి

మనామా,
9 మార్చి 2025, ఆదివారం.

మహారాజ్ఞి సత్యదుర్గ అమ్మమ్మ వారి దివ్యసముఖానికి,

ఇందుమూలంగా క్షమాపణ కోరుతున్నాను. ఈ ఉత్తరం రాస్తున్నందుకు క్షమించు. ఇన్నాళ్ళూ రాయనందుకు అంతకంటే ఎక్కువగా క్షమించు. ఇంజనీరింగు నాలుగేళ్ళలోనే పూర్తిచేసి, మామయ్యలు ఎంతో కష్టపడి నిలబెట్టిన కుటుంబ సంప్రదాయాన్ని చెడగొట్టినందుకు క్షమించు. నీ చెవులు పూర్తిగా మూతపడ్డాక ఫోనులో మన మధ్య "ఆఁ? ఏటీ?" తప్ప వేరే సంభాషణ లేకుండా పోయినందుకు, అందులో నా తప్పు ఇసుమంతైనా లేకపోయినా, క్షమించు. కింద రాయబోయే వీరగాథ చదివి మనవడి మీద నీకు గౌరవం పెరిగితే దానికి కూడా ముందే క్షమించెయ్యి. అంత గౌరవం నా ఒంటికి పడదు.

ఏర్పాటు ఇదీ. నేను మెయిల్లో పంపింది శరణ్య పెద్దపెద్ద అక్షరాల్లో ప్రింటు తీసి నీకిస్తుంది. నువ్వు రాసిన కాగితం ఫోటో తీసి నాకు పంపుతుంది. ఉత్తరానికో ఐస్‌క్రీం అడిగింది. సొంత చెల్లెలు కాబట్టి ఒకటితో సరిపెట్టుకుందట.

ఇక వీరగాథ. మొన్న గురువారం తెల్లారకముందే మా కంపెనీ ఒక దీవి మీద దండెత్తింది. మా దగ్గర ఒక ఇనప పడవ ఉంది. ల్యాండింగ్ క్రాఫ్ట్ అంటారు. అడుగు చదునుగా ఉంటుంది, రేవు అక్కర్లేదు. తిన్నగా పోయి ఇసుకలోకి దూసుకుపోతుంది. అప్పుడు దాని మూతి మొత్తం తలుపులా ముందుకి పడిపోతుంది. లోపలి బలగం ఒడ్డుకి దిగుతుంది. ఈసారి బలగం మూడువందలు. ఒకరి మీద ఒకరు ఎక్కినట్టు కిక్కిరిసి నిలబడ్డారు, ఒక్కరూ కిక్కురుమనలేదు. వాళ్ళ వెనక గర్జించే యంత్రాలు రెండు. ఇంకా పద్నాలుగు రహస్యాయుధాలు. వాటి గురించి పెద్దవాళ్ళకి రాయడం మర్యాద కాదు.

నేను తలుపు దగ్గర మొదటి వరసలో నిలబడ్డాను. పక్కన నా అంగరక్షకుడు భూమేష్. జగిత్యాల వైపు మనిషి, పడవ మీద ఖలాసీ, కంపెనీ ఇచ్చిన గదిలో నా పక్క మంచం. తలుపు పడింది. దూకాం. పది గంటలకల్లా దీవిని చెర విడిపించాం. మా వైపు నష్టం స్వల్పం.

వచ్చే వారం ఇంకో దీవి. అప్పటికి ఉంటే మళ్ళీ రాస్తాను.

నీ మనవడు, దీవుల విముక్తి ప్రదాత,
విశాల్


విశాఖపట్నం,
14 మార్చి.

ఒరే విశాల్,

ముందు తిట్లు. దీవెన చివర్లో ఉంది, అంతదాకా చదివితేనే దక్కుతుంది.

దుబాయికో బహ్రెయిన్‌కో ఉద్యోగానికని పంపితే వాళ్ళు నిన్ను యుద్ధానికి తోలుతున్నారా? అలాంటి కంపెనీ ఏటిరా? సెలవు పెట్టడం రాదా నీకు? కాలు నొప్పని చెప్పు, కడుపు నొప్పని చెప్పు. బడి ఎగ్గొట్టడానికి నీకు వందరకాల నొప్పులు వచ్చేవి కదా, ఒక్కటీ గుర్తులేదా? మీ నాన్నకి ఉత్తరం చూపిస్తే నవ్వాడు. కొడుకుని మొదటి వరసలో నిలబెడితే నవ్వే తండ్రిని నా ఎనభయ్యేడేళ్ళలో చూడలేదు. అందుకని సింహాచలం అప్పన్నకి మొక్కుకున్నాను. నువ్వు క్షేమంగా వస్తే మీ నాన్నకి గుండు. నీకు జుట్టు మీద మోజని తెలుసు, నీ జోలికి రాలేదు.

కింది వాటాల్లో అందరికీ చెప్పాను. మూడో అంతస్తు ఉమారాణి లలితా సహస్రనామం మొదలుపెట్టింది.

ఆ పడవ గురించి నువ్వు నాకు కొత్తగా చెప్పక్కర్లేదు. అడుగు చదును. ముందు నుంచి చూస్తే ఇనపగోడలా ఉంటుంది. తలుపు పడేటప్పుడు గొలుసులు గరగరమంటాయి. నా ఏడో ఏట విన్నాను. చెవులు పోయాయి కానీ ఆ చప్పుడు పోలేదు. అందులోంచి దిగేవాళ్ళంతా పిల్లలేరా. పెద్దయ్యాక ఆలోచిస్తే తెలిసింది, అందరూ నీ వయసువాళ్ళు.

వెంటనే జవాబు రాయి. కంపెనీ యజమాని పేరు, చిరునామా కూడా రాయి. నేను ఆయనకి వేరే రాస్తాను.

చల్లగా ఉండు. ఇదే దీవెన.
అమ్మమ్మ


మనామా,
17 మార్చి.

అమ్మమ్మా,

యజమానికి మాత్రం రాయకు. ఆయన మంచివాడు, భయపడతాడు.

నిజం చెప్పేస్తున్నాను. ఆ మూడువందల బలగం ప్లాస్టిక్ కుర్చీలు. గర్జించే యంత్రాలు జనరేటర్లు. పద్నాలుగు రహస్యాయుధాలు మరుగుదొడ్లు, ఎక్కడికి కావాలంటే అక్కడికి మోసుకుపోయే రకం. దీవిలో ఎవరిదో పెద్ద ఇఫ్తార్ విందు. స్వల్ప నష్టం అంటే ఒక కుర్చీ కాలు విరిగింది.

ఇంకో నిజం. ఆ పడవ నేను ఎక్కలేదు. ఉద్యోగంలో చేరి పద్నాలుగు నెలలైనా ఒక్కసారి కూడా ఎక్కలేదు. పాపికొండల లాంచీలో నాకేమైందో నీకు తెలుసు. నీ చీర మీదే కదా అయింది. నా యుద్ధభూమి మనామా పాత బజారులో, ఒక బంగారం కొట్టు మీద, రెండో అంతస్తులో ఒక బల్ల. ఎన్ని కుర్చీలు ఎక్కాయో ఎన్ని దిగాయో టైపు చేస్తాను. రంజాన్ నెల కాబట్టి రెండింటికే ఇంటికి పంపేస్తున్నారు. తీరిక ఎక్కువై తెలివి పెరిగింది.

నీ ఉత్తరం భూమేషన్నకి చదివి వినిపించాను. ఆయన అన్నం కలుపుతున్నవాడు ఆగిపోయాడు. "ముసలవ్వను గట్ల బెదిరిస్తరా తమ్మీ? నీకు సదువు ఎక్కువైంది, బుద్ధి తక్వైంది" అన్నాడు. తర్వాత, "అవ్వ గా పడవను ఏడ జూసింది, అడుగు" అన్నాడు.

అందుకే అడుగుతున్నాను. ఎక్కడ చూశావు? నువ్వు రంగూన్‌లో, నీ మాటలో రంగంలో, పుట్టావని తెలుసు, చిన్నప్పుడు ఓడలో వచ్చేశారని తెలుసు. బర్మా గాజులు, బర్మా ఖౌసే నూడుల్సు కథలు వందసార్లు చెప్పావు. ఈ పడవ కథ ఎప్పుడూ చెప్పలేదే?

నాన్న గుండు మొక్కు మాత్రం రద్దు చెయ్యకు. దేవుడితో పరాచికాలేమిటి?

కుర్చీల లెక్కల గుమాస్తా,
విశాల్


విశాఖపట్నం,
30 మార్చి, ఉగాది.

విశాల్‌కి,

పచ్చడి తిన్నాక రాస్తున్నాను. వేపపువ్వు ఎక్కువైంది, శరణ్య చేసింది. ఉమారాణికి కుర్చీల సంగతి ఇంకా చెప్పలేదు. సహస్రనామం మధ్యలో ఉంది, ఆపకూడదు.

మా నాన్న రంగంలో బియ్యం మిల్లు మేస్త్రీ. జపానువాళ్ళు వచ్చిన ఏడాది మనవాళ్ళు వేలకివేలు అడవులమ్మట నడిచి దేశానికి బయల్దేరారు. మా అమ్మకి నెలలు నిండాయి, నడవలేదు. ఉండిపోయాం. తమ్ముడు పుట్టాడు. మీ చిన్నతాత, నీకు సైకిలు నేర్పినాయన. మరుసటి ఏడు నాన్నని రైలుపట్టాల పనికని పట్టుకుపోయారు. ఆయన తిరిగి రాలేదు. ఏమయ్యాడో చెప్పినవాళ్ళు కూడా లేరు. ఆ తర్వాత మేము రంగానికి దిగువన ఏటి ఒడ్డున ఒక పాకలో ఉన్నాం. బట్టలు దొరక్క గోనెసంచులు కట్టుకున్నాం. ఉప్పులేని గంజి. అరటిదుంప. రెండేళ్ళు.

ఆ రోజు వాన. అమ్మకి జ్వరం వచ్చి నాలుగో రోజు. "ఎవరొచ్చినా పలక్కు. తమ్ముణ్ణి ఎవరికీ ఇవ్వకు" అంది. తర్వాత ఆమెకి మాట పడిపోయింది. నేను తడిక సందులోంచి చూస్తున్నాను. వానలోంచి ఏటి మీద పడవలు వచ్చాయి. నాకు ఇరవైదాకా లెక్కపెట్టడం వచ్చు, ఇరవై దాటాయి. తలుపులు పడ్డాయి. మోకాళ్ళలోతు బురదలోకి మనుషులు దిగారు.

ఒకడు మా పాకలోకి వంగి వచ్చాడు. బక్కపలచగా, నల్లగా, తడిసి ముద్దయ్యాడు. ఇంగ్లీషువాళ్ళ ఫౌజులో మూటలు మోసే దళం. అమ్మని చూశాడు, నన్ను చూశాడు. "ఏడ్వకు బిడ్డా, నేను మనోన్నే" అన్నాడు. తెలుగే, కానీ మా ఇళ్ళల్లో మాట్లాడే తెలుగు కాదు. చాలా ఏళ్ళ తర్వాత, చెవులు పనిచేసే రోజుల్లో, టీవీలో మీ భూమేష్ వాళ్ళ వైపు మాట విని చేతిలో గ్లాసు వదిలేశాను. ఆ మాటే అది.

ఆయన వంగి తమ్ముణ్ణి చంకకెత్తుకున్నాడు. ఎత్తుకుపోతున్నాడనుకున్నాను. వెళ్ళి చెయ్యి కరిచాను. కుడిచెయ్యి, బొటనవేలు కింద కండ. పళ్ళు దిగేదాకా కరిచాను. రక్తం వచ్చింది. ఉప్పగా ఉంది. రెండేళ్ళలో నా నాలిక్కి తగిలిన ఉప్పు అదే.

ఆ చెయ్యి తమ్ముణ్ణి వదల్లేదురా. రెండో చెయ్యి నన్ను కొట్టలేదు.

బయటికి అరిస్తే ఇంకో ఇద్దరు వచ్చి అమ్మని మోసుకెళ్ళారు. డేరా, డాక్టరు, మందు, బిస్కట్లు. ఎవరో "పోశన్నా" అని పిలిస్తే ఆయన పలికాడు. నాకు తెలిసింది అంతే. మర్నాడు వాళ్ళు మళ్ళీ పడవెక్కి పైకి, రంగం వైపు వెళ్ళిపోయారు. వెళ్ళేముందు చేతికి గుడ్డ కట్టుకుని మమ్మల్ని చూడ్డానికి వచ్చాడు. నేను అమ్మ మంచం కింద దాక్కున్నాను.

ఈ కథ మీ తాతయ్యకి చెప్పాను, మీ అమ్మకి చెప్పాను. కరిచిన సంగతి మాత్రం ఎవరికీ చెప్పలేదు. అది లేకుండా చెబుతుంటే అబద్ధంలా ఉండేది. అందుకే చెప్పడమే మానేశాను.

ఇప్పుడు నువ్వు పనికొచ్చే రోజు వచ్చింది. నీ దగ్గర అటువైపు మనుషులున్నారు. పోశన్న మనుషులెవరైనా ఉన్నారేమో అడుగు. కుడిచేతి మీద పంటి మచ్చ, అదే గుర్తు. ఆయన ఉండడు, తెలుసు. కొడుకో, మనవడో. వాళ్ళకి చెప్పాలి. ఆయన ఎత్తుకున్న పిల్లాడు రైల్వేలో గార్డు అయ్యాడు, నలుగురు పిల్లల్ని కన్నాడు, డెబ్బయ్యెనిమిదేళ్ళు బతికాడు. మా అమ్మ తొంభై దాకా ఉంది. నేనున్నాను, మీరందరూ ఉన్నారు. ఇదంతా ఆ చేతి చలవ. కరిచినందుకు తప్పైపోయింది. ఈ రెండు మాటలూ చేరకుండా నేను పోతే నాకు బాగోదు.

మన పైవాటా జయశ్రీ, మీ మనామా సల్మానియా ఆసుపత్రిలో నర్సు, సెలవు అయి తిరిగి అక్కడికి వస్తోంది. దానితో మాడుగుల హల్వా రెండు కిలోలు పంపుతున్నాను. పోశన్న మనుషులకి. అది నీకు కాదు.

అమ్మమ్మ


మనామా,
12 ఏప్రిల్.

అమ్మమ్మా,

హల్వా చేరింది. దాన్ని తెరవకుండా ఆరు రోజులు కాపలా కాశాను. నా జీవితంలో ఇంతటి తపస్సు ఇంకోటి లేదు.

నిన్న శుక్రవారం, సెలవు. భూమేషన్న వాళ్ళ వైపు మనుషులుండే లేబర్ క్యాంపుకి ఇద్దరం బస్సులో వెళ్ళాం. "మా దిక్కు ఇంటికో పోశన్న ఉంటడు తమ్మీ. పోచమ్మ తల్లికి మొక్కి కన్నోళ్ళందరు పోశన్నలే" అని దారిలోనే హెచ్చరించాడు. నేను వినలేదు. పరిశోధన నాకు కొత్తా? ఇంజనీరింగు ప్రాజెక్టు మొత్తం రెండు రాత్రుల్లో చేసినవాణ్ణి.

డబ్బా మూత తియ్యకముందు పోశన్న మనవలు ముగ్గురు. మూత తీశాక పదకొండు మంది. నెయ్యి వాసన వరండా దాటాక పరిస్థితి చెయ్యి దాటిపోయింది. క్యాంపులో వంట చేసే మలయాళీ ఆయన తన తాత కూడా పోశన్నే అన్నాడు. బంగ్లాదేశ్‌లోని సిల్హెట్ నుంచి వచ్చిన ఒక భాయ్ తన తాత పేరు పోశన్ మియా అని ప్రమాణం చేసి రెండు ముక్కలు తీసుకున్నాడు. లచ్చన్న అని ఒక పెద్దాయన ఉన్నాడు, ఆయన తాత మాత్రం నిజంగానే పోశన్న. కానీ ఆ పోశన్న తునికాకు కోయడానికి అడవికి తప్ప ఎక్కడికీ పోలేదట. "ఫౌజా? మా తాత పోలీసును జూస్తేనే చెట్టెక్కెటోడు" అన్నాడు.

చేతి మీద మచ్చ ఉన్న పోశన్న ఎవరికీ తెలియదు. డబ్బా ఖాళీ. చివరి ముక్క అనాథగా కనిపిస్తే మానవతా దృక్పథంతో నేనే ఆదుకున్నాను.

పరిశోధన కొనసాగుతోంది. ఇంకో రెండు కిలోలు పంపితే దక్షిణాసియా మొత్తాన్ని పోశన్న వంశంగా నిరూపించగలను.

విశాల్


విశాఖపట్నం,
16 ఏప్రిల్.

విశాల్,

అందరికీ హల్వా దొరికింది. దానితోపాటు నవ్వుకోడానికి ఒక ముసలిదీ దొరికింది. సంతోషం.

పన్నెండుమంది మగాళ్ళ మధ్య నేను కరిచిన సంగతి చెప్పి నవ్వించావు. ఎనభై ఏళ్ళు దాచుకుని నీకొక్కడికే చెప్పాను. తప్పు నాదే.

ఇంక ఎవరినీ అడగొద్దు. ఉత్తరాలు కూడా ఇంతటితో చాలు, కళ్ళు లాగుతున్నాయి.

అమ్మమ్మ


మనామా,
20 ఏప్రిల్.

అమ్మమ్మా,

కళ్ళు లాగినా ఈ ఒక్కటి చదువు. దొరికాడు!

భూమేషన్న తన ఊరి వాట్సాప్ గ్రూపులో మచ్చ సంగతి పెట్టాడు. అక్కణ్ణించి పక్క ఊరికి, అక్కణ్ణించి ఇంకో ఊరికి పోయింది. నిన్న జవాబు వచ్చింది. గౌరవ్వ అని పెద్దావిడ, పోశన్న గారి కోడలు. ఆమె చెబుతుంటే మనవరాలు టైపు చేసిందట. ఉన్నదున్నట్టు రాస్తున్నాను:

"అవ్వా, దండాలు. మా మామ పోశన్న గా లడాయిల ఉండె. పడవలు ఒడ్డుకు రాంగనే అవుతలి దిక్కుకెళ్ళి తుపాకులు పేలినయట. పక్కకున్నోళ్ళు పిట్టల లెక్క రాలిండ్రట. నీళ్ళన్ని ఎర్రగైనయట. మూడు గంటలు కొట్లాడి ఒడ్డెక్కిండ్రట. గప్పుడు ఒక గుడిసెల చిన్న పిల్ల కొరికిందని చెప్పెటోడు. మచ్చ సూపెట్టి 'ఇది నా రంగం బిడ్డ వెట్టిన ముద్ర' అని మురిసెటోడు. పదేండ్ల కింద కాలం జేసిండు. నీ మీద కోపం లేదవ్వా. నువ్వు సల్లగుండాలె."

ఇదీ విషయం. ఇప్పుడైనా అలక తీరిందా? మళ్ళీ రాస్తావా?

విశాల్


విశాఖపట్నం,
25 ఏప్రిల్.

ఒరే విశాల్,

నీ ఉత్తరం మూడుసార్లు చదువుకున్నాను. తర్వాత శరణ్యని పైకి చదవమన్నాను. వినపడదు గానీ, చదువుతుంటే దాని మొహం ఎలా ఉంటుందో చూద్దామని. అది ఏడ్చింది. నేనూ ఏడ్చాను. ఉమారాణికి పాయసం పంపాను. రాత్రి బాగా నిద్రపట్టింది.

పొద్దున్న నాలుగోసారి చదివాను.

ఆ రోజు మా ఒడ్డున ఒక్క తుపాకీ పేలలేదురా. జపానువాళ్ళు అంతకు కొద్దిరోజుల ముందే మూటాముల్లె కట్టుకుని వెళ్ళిపోయారు. ఎదురు నిలబడ్డానికి అక్కడెవరూ లేరు. వాన, బురద, ఆకలి, మేము. ఎవరూ రాలిపోలేదు, ఏరు ఎర్రబడలేదు. నీకు రాయలేదు కాబట్టి నీకు తెలీలేదు. యుద్ధం అనగానే సినిమాలో చూసిందంతా తెచ్చి మా ఏట్లో పోశావు. గౌరవ్వని కూడా నువ్వే పుట్టించావు. పుట్టిస్తే పుట్టించావు గానీ, ఆవిడ మాట చక్కగా ఉంది.

కోపం రాలేదు. ముందు వచ్చింది, తర్వాత పోయింది. ఈ ముసలిదాని కోసం ఎవరైనా కూర్చుని ఇంత పెద్ద అబద్ధం అల్లడం నా ఎరికలో ఇదే. పాయసం వృథా కాలేదు.

ఒకటి చెబుతాను విను. బర్మా నుంచి వచ్చినవాళ్ళ సంఘంలో ఒకాయన చాలాకాలం కింద నాతో అన్నాడు. "ఎవరూ లేని ఒడ్డు మీద దిగడం ఏం గొప్పండీ, వానలో తడవడమేగా" అని. దానికి జవాబు నాకు తర్వాత తోచింది. ఒడ్డున ఎవరూ లేరని మాకు తెలుసు. పడవలో ఉన్నవాళ్ళకి తెలీదు కదా. తలుపు పడేదాకా వాళ్ళకి ఇనపగోడ తప్ప ఏదీ కనపడదు. గోడకి అవతల తుపాకులు ఉన్నాయనుకునే నిలబడ్డారు. ఉన్నాయనుకునే దిగారు. అలా దిగినవాడు మొట్టమొదట చేసిన పని మా తమ్ముణ్ణి ఎత్తుకోవడం. దానికి నేను కరిచాను.

పోశన్న దొరకడు. నాకు తెలుసు, ఉగాదినాడు రాసేటప్పుడే తెలుసు. ఆశకి రాశాను. వచ్చే శుక్రవారం మే రెండు. ఆ రోజే వాళ్ళు దిగింది, నిండా ఎనభై ఏళ్ళు. నా రెండు మాటలూ ఎవరో ఒకరికి, అటువైపు మనిషికి, నిజంగా చెప్పు. నవ్వించకుండా చెప్పు. ఏం జరిగిందో జరిగినట్టు రాయి. ఏమీ జరక్కపోతే ఏమీ జరగలేదనే రాయి.

అమ్మమ్మ


మనామా,
4 మే, ఆదివారం.

అమ్మమ్మకి,

జరిగింది జరిగినట్టు రాస్తున్నాను. అలవాటు లేని పని కాబట్టి మధ్యమధ్య తడబడితే సర్దుకో.

ముందు పాత బాకీ ఒకటి. ఆ రోజు క్యాంపులో నీ సంగతి విని ఎవరూ నవ్వలేదు. హల్వా తర్వాత మాట. ముందు నీ ఉత్తరం మొత్తం చదివాను. ఉప్పు దగ్గరికి వచ్చేసరికి లచ్చన్న లేచి బయటికి వెళ్ళిపోయాడు, కాసేపటికి మొహం కడుక్కుని వచ్చాడు. మిగతావాళ్ళు తమ కుడిచేతులు చూసుకున్నారు. అది ఎలా రాయాలో నాకు తెలీలేదు. మూత తీశాక జరిగిన అల్లరి రాయడం తెలుసు, అందుకని అదొక్కటే రాశాను. నువ్వు అందరూ నిన్ను చూసి నవ్వారనుకున్నావు. గౌరవ్వ అందువల్లే పుట్టింది.

శుక్రవారం మా పడవ హవార్ దీవులకి నీళ్ళ ట్యాంకులు తీసుకెళ్ళింది. నేనూ ఎక్కాను. గుమాస్తాకి పడవలో పనేమిటని కెప్టెన్ అడిగాడు. "లెక్క సరిచూసుడు ఉన్నదట" అని భూమేషన్న చెప్పాడు. నాలుగు గంటల ప్రయాణం. మొదటి గంటలో పొద్దున్న తిన్నది పోయింది, రెండో గంటలో ముందురోజు తిన్నది పోయింది, తర్వాత పోవడానికేమీ లేక ఊరికే ప్రయత్నిస్తూ ఉన్నాను. భూమేషన్న నిమ్మకాయ తెచ్చి చేతిలో పెట్టి, "వాసన సూడు తమ్మీ, నీళ్ళ దిక్కు సూడకు, నన్ను సూడు" అన్నాడు.

ఒడ్డు దగ్గరికి వచ్చాక తలుపు వెనక నిలబడ్డాను. నువ్వు చెప్పినట్టే ఉంది. ఎదురుగా ఇనపగోడ, పైన ఆకాశం, ఇంకేమీ కనపడదు. అడుగున ఇసుక రాసుకున్నప్పుడు పాదాలు జివ్వుమంటాయి. అవతల ఏముందో నాకు తెలుసు. నీటికాకులు, ట్యాంకుల కోసం చూస్తున్న ఒక మేనేజరు, ఆయన కారు. అయినా అమ్మమ్మా, గొలుసులు మొదలయ్యేసరికి పక్కనున్న ఇనప కడ్డీని రెండు చేతులా పట్టుకున్నాను. ఏమీ లేదని తెలిసినవాడికే అలా ఉంటే. ఆ తర్వాత ముక్క నాకు రాయడం రావడం లేదు.

తలుపు పడింది. ముందు మోకాలిలోతు నీళ్ళు. దిగబోయి కూలబడ్డాను. భూమేషన్న వెనక్కొచ్చి నన్ను మూటలా భుజాన వేసుకుని ఒడ్డున దింపాడు. బి.టెక్., ఎత్తు అయిదడుగుల పది అంగుళాలు. మేనేజరు చూశాడు. ట్యాంకులు తెచ్చినవాళ్ళు చూశారు.

ఇసుకలో కూర్చుని, ఊపిరి తీసుకుని, అప్పుడు చెప్పాను. "అన్నా, మా అమ్మమ్మ రెండు మాటలు చెప్పమంది. ఎత్తుకున్న పిల్లాడు బతికాడు, అమ్మ బతికింది, మేమంతా ఉన్నాం. అది పోశన్న చలవ. కరిచినందుకు తప్పైపోయింది, క్షమించమంది" అన్నాను. ఇంకేమీ కలపలేదు.

భూమేషన్న తడిసిన పాంటు అంచులు పిండుకున్నాడు. తర్వాత నా పక్కన కూర్చున్నాడు. "నేను పోశన్నను గాదు తమ్మీ" అన్నాడు. నాకు తెలుసన్నాను. "మా తాత పేరు గూడ పోశన్న గాదు."

"తెలుసన్నా."

"నాకు గూడ ఏడేండ్ల బిడ్డ ఉన్నది. పోయినేడు సెలవుకు పోతె ఎవడో అనుకుని దగ్గరికి రాలే. ఎత్తుకుంటె మొఖం మీద గీరింది." చేతికంటిన ఇసుక దులుపుకున్నాడు. "అవ్వకు రాయి. నొయ్యలే అని రాయి. చిన్న పిల్ల కొరికితె నొస్తదా? పిల్లగాడు చేతుల ఉన్నంక ఇంక చెయ్యి ఎవలకు యాదికుంటది? అస్సలు నొయ్యలేదని రాయి."

రాశాను. ఆయన చెప్పిందే ఇది, నేను పుట్టించింది కాదు. నమ్మకం కలక్కపోతే శరణ్యకి ఆయన ఫోన్ నంబరు ఇచ్చాను, వీడియో కాల్లో పెదాలు చదువుకో. నీకు దండాలు చెప్పమన్నాడు. సెలవుకి వెళ్ళేటప్పుడు వైజాగ్ మీదుగా వెళతానన్నాడు. జగిత్యాలకి వైజాగ్ దారి కాదని నేను చెప్పలేదు.

కెప్టెన్ "యల్లా, యల్లా" అని తొందరపెడుతూ కేకలేశాడు. లేచి బయల్దేరాం. నేను పడవ మీద పరధ్యానంగా జాబితాలో ట్యాంకులు ఆరుకి బదులు ఏడు రాశాను. సోమవారం దానికి తిట్లు తింటాను.

ఇక మిగిలింది ఒకటి. ఇక్కడిదాకా వచ్చి దాన్ని వదిలేసి సంతకం పెడదామనుకున్నాను. జరిగింది జరిగినట్టు రాయమన్నావు కాబట్టి ఒప్పుకుంటున్నాను. ఆయన ఆ మాట అన్నాక నేను నవ్వు తెప్పించే మాట ఒకటి వెతికాను. దొరకలేదు. భూమేషన్న కుడిచెయ్యి పట్టుకుని, పట్టపగలు, అందరూ చూస్తుండగా, కళ్ళకద్దుకున్నాను.

విశాల్